మైన్‌క్రాఫ్ట్ మొబైల్‌లో చేపలు పడట్లేదు, ఎవరైనా చెప్పండి

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
ఫోన్‌లో సర్వైవల్ (తిండి, ఇల్లు మనమే సంపాదించుకొని బతకాల్సిన మోడ్) కొత్తగా మొదలుపెట్టా. చుట్టుపక్కల ఆవులు, పందులు అన్నీ తినేశాం, ఇక చేపలే దిక్కనుకొని ఫిషింగ్ రాడ్ చేసుకున్నా. ఇంటి పక్కనే కుంట తవ్వి, బకెట్‌తో నీళ్లు పోసి, రాత్రిపూట ఏవీ రాకుండా చుట్టూ గోడ కట్టి పైన రాళ్లతో కప్పు కూడా వేశా. గాలం వేసి కూర్చుంటే ఎంతసేపటికీ ఏమీ ఉండదు. బెండు కాస్త కదిలినట్టు ఉందని లాగితే ఖాళీ. ఎప్పుడో ఒకటి పడుతుంది, అది చూస్తే అరిగిపోయిన తోలు బూట్లు. నా రూమ్మేట్ అదే వరల్డ్‌లో నది దగ్గర కూర్చొని ఎన్‌చాంటెడ్ పుస్తకం (సామాన్లకు అదనపు శక్తి ఇచ్చేది) లాగాడు. పొద్దుటి నుంచి అదే పాట. నా కుంటలో చేపలు ఈదుతూ కనబడట్లేదు, అందుకేనా? ఎర ఏమన్నా పెట్టాలా? 5 బై 4 బై 5 బ్లాకుల నీళ్లు ఉండాలని ఒక వీడియోలో చెప్పారు, అంత తవ్వాలా?

క్రీపర్_కాకా
కుంట మీది కప్పు తీసెయ్ తమ్మీ. మిగతాది తర్వాత మాట్లాడుకుందాం.

పరకాల_పిక్సెల్
5 బై 4 బై 5 కరెక్టే. బెండు చుట్టూ అంత జాగా ఖాళీగా లేకపోతే పుస్తకాలు, నేమ్ ట్యాగులు లాంటివి రావు, చేపలూ చెత్తా మాత్రమే వస్తాయి. 1.16 వర్షన్ నుంచి ఉన్న రూలు. పార పట్టుకో బ్రో.

అర్ధరాత్రి_అక్క
పార కింద పెట్టు. ఆ రూలు కంప్యూటర్‌లో ఆడే జావా ఎడిషన్‌ది. ఫోన్‌లో మనం ఆడేది బెడ్‌రాక్ ఎడిషన్, ఇందులో ఆ రూలు లేదు. చిన్న గుంటలో గాలం వేసినా పుస్తకం రావచ్చు. రూమ్మేట్‌కు వచ్చింది నది గొప్పతనం కాదు, లక్కు.

పరకాల_పిక్సెల్
నేను చూసిన వీడియోలో ఆయన మొబైల్ ప్లేయర్స్ కోసం అనే చెప్పాడక్కా.

అర్ధరాత్రి_అక్క
చెప్తారు, వ్యూస్ కావాలి కదా. ఆయన కత్తి ఊపినప్పుడు స్క్రీన్ మధ్యలో ప్లస్ గుర్తు కింద చిన్న గీత నిండుతూ కనబడిందా? కనబడితే అది జావా. మన ఫోన్‌లో కొట్టాక ఆగాల్సిన పని ఉండదు, ఆ గీతే రాదు. మన తెలుగు వీడియోల్లో సగానికి సగం జావా సంగతులు తెచ్చి ఫోన్ వాళ్లకు చెప్తున్నారు, ఇది ఒక్క చేపల విషయంలోనే కాదు.

పరకాల_పిక్సెల్
గీత ఉంది 😐

ధర్మసాగర్_మామ
నాకీ ఆట తెలియదు, మా చిన్నోడు ఆడుతుంటే చూస్తా. కానీ గాలం అని కనబడి ఆగిన. ఎర లేకుండా చేప ఎట్ల పడుతది? మా దిక్కు చెరువులో జెల్ల కోసమైతే వానపాము గుచ్చుతరు, కొర్రమీనుకైతే చిన్న కప్ప. వట్టి కొక్కెం వేసి కూసుంటే రూములో వంట కూడా కాదు బిడ్డా.

కాజీపేట_లోకోషెడ్
మామా, ఈ ఆటలో వట్టి కొక్కేనికే పడతాయి 😂 ఎర అనేదే లేదు.

ధర్మసాగర్_మామ
అయితే చేపలకు బుద్ధి లేదన్నట్టు.

అర్ధరాత్రి_అక్క
ఓపీకి (ఈ థ్రెడ్ మొదలుపెట్టినవాడికి) మొత్తం రాస్తున్నా, కాస్త పొడుగవుతుంది.

నీళ్లలో ఈదే చేపలకూ గాలానికి పడే చేపలకూ సంబంధం లేదు. నదిలో కనబడే సాల్మన్, సముద్రంలో కనబడే కాడ్ వేరే జీవాలు, వాటిని కత్తితో కొట్టొచ్చు, బకెట్‌లో పట్టొచ్చు. గాలానికి వచ్చేది మాత్రం గేమ్ అప్పటికప్పుడు చీటీ తీసినట్టు తీసి ఇస్తుంది. అందుకే నీ కుంట ఖాళీగా కనబడినా ఫర్వాలేదు. మామూలు రాడ్‌తో 100కు 85 సార్లు చేప, 10 సార్లు చెత్త, 5 సార్లు ట్రెజర్ (పుస్తకాలు, నేమ్ ట్యాగుల్లాంటి విలువైనవి). ఆ చేపల్లోనూ 60 శాతం కాడ్, 25 శాతం సాల్మన్, 13 శాతం పఫర్ ఫిష్, మిగిలిన 2 శాతం రంగురంగుల ట్రాపికల్ ఫిష్. బూట్లు, గిన్నె, కుళ్లిన మాంసం, తామరాకు ఇవన్నీ చెత్త కోటాలోవి.

గాలం నీళ్లలో పడ్డాక 5 నుంచి 30 సెకన్లు ఏమీ జరగదు. అప్పుడు ఊరికే ఊగే బెండును చూసి లాగకు, అది అలలకు ఊగుతుంది అంతే. తర్వాత కొంచెం దూరంలో నీళ్ల మీద బుడగల గీత ఒకటి పుడుతుంది. అది తిన్నగా రాదు, కొంచెం అటూ ఇటూ వంకర్లు పోతూ బెండు వైపు వస్తుంది. గీత బెండుకు తగిలిన క్షణంలో బెండు బుడుంగున లోపలికి పోతుంది, ‘చప్’ మని నీళ్ల చప్పుడు వస్తుంది. లాగాల్సింది అప్పుడే. గీత దగ్గరికి వచ్చింది కదా అని ముందే లాగితే ఖాళీ. మునిగి పైకి తేలాక లాగినా ఖాళీ. అరసెకను, అటూ ఇటూ అంతే టైమ్ ఉంటుంది.

కాకా చెప్పిన కప్పు సంగతి. బెండు మీద ఆకాశం కనబడకపోతే ఆగాల్సిన సమయం దాదాపు రెట్టింపు అవుతుంది. నీ బాధలో సగం అదే.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
ఆకాశానికీ చేపకూ ఏం సంబంధం అక్కా 🥲 కప్పు లేకపోతే క్రీపర్లు వచ్చి పేల్చేస్తాయి. గోడ ఎక్కి సాలీళ్లు కూడా వస్తున్నాయి.

క్రీపర్_కాకా
గోడ బదులు కంచె వేసుకో, క్రీపర్లు దాన్ని దూకలేవు. లోపల టార్చులు దగ్గర దగ్గరగా పెట్టు. సాలీడు ఎక్కుతుంది, ఎక్కితే ఎక్కనీ. చంపితే స్ట్రింగ్ (దారం) ఇస్తుంది. 3 పుల్లలు, 2 స్ట్రింగ్‌లు ఉంటే ఇంకో రాడ్. ఇంటి దాకా డెలివరీ ఇస్తుంటే వద్దంటావేంది.

నర్సంపేట_నూబ్
నాకు రాడ్ చేయడానికే స్ట్రింగ్ దొరకట్లేదు. రాత్రి సాలీడు దగ్గరికి పోవాలంటే టెన్షన్.

క్రీపర్_కాకా
పగలు పో. వెలుగులో సాలీడు నువ్వు కొట్టేదాకా నీ జోలికి రాదు. పాడుబడ్డ గనిలో సాలెగూళ్లు కనబడితే కత్తితో నరుకు, అక్కడా స్ట్రింగే.

హంటర్‌రోడ్_హీరో
ఇంత కథ ఎందుకు? నదిలో దిగి కత్తితో నాలుగు సాల్మన్లు కొడితే అయిపోయె. గాలం వేసుకొని కూర్చోవడం రిటైరైన వాళ్ల పని.

కాజీపేట_లోకోషెడ్
కత్తితో కొడితే పుస్తకం వస్తదా? నేమ్ ట్యాగ్ వస్తదా? గాలంతో లాగిన ప్రతిసారీ 1 నుంచి 6 దాకా ఎక్స్‌పీ (అనుభవ పాయింట్లు) కూడా వస్తుంది.

హంటర్‌రోడ్_హీరో
ఓపీ అడిగింది తిండి గురించి, పుస్తకం గురించి కాదు. తిండే అయితే గోధుమలు వేసుకోవడం ఇంకా సుఖం. ఆకలి తీర్చే లెక్కలో రొట్టె 5 పాయింట్లు, కాల్చిన కాడ్ కూడా 5 పాయింట్లే. రొట్టె కోసం ఎవడూ బెండు వైపు కళ్లార్పకుండా చూడక్కర్లేదు.

అర్ధరాత్రి_అక్క
హీరో చెప్పినదాంట్లో నిజం ఉంది. ఒట్టి కడుపు నింపుకోవడానికి ఫిషింగ్ చాలా స్లో. కాల్చిన సాల్మన్ 6 పాయింట్లు, అదీ బీఫ్ స్టేక్ 8 ముందు తక్కువే. కానీ మొదటి రోజుల్లో గోధుమ పండేదాకా ఆగాలి, ఆవులు అయిపోయాయని ఓపీ చెప్పాడు. ఆ మధ్యలో గాలం ఆదుకుంటుంది. పొలం వేసి, అది పండేలోపు కుంట దగ్గర కూర్చో. రెండూ చెయ్. పచ్చి చేప తినకు, 2 పాయింట్లే. స్మోకర్ చేసుకుంటే పొయ్యి కంటే రెట్టింపు వేగంగా కాలుతుంది.

పాకాల_పోరి
సముద్రం దగ్గరుంటే ఎండబెట్టిన కెల్ప్ (సముద్రపు నాచు) దిమ్మ చేసుకో, పొయ్యిలో ఒక్క దిమ్మ పెడితే 20 చేపలు కాలుతాయి. బొగ్గు ఒకటి పెడితే 8 మాత్రమే. నేనైతే బొగ్గు అసలు ముట్టను, టార్చులకు దాచుకుంటా.

ధర్మసాగర్_మామ
మృగశిర నాడు ఇక్కడ కిలో కొర్రమీను రేటు అడిగి వచ్చి ఈ ముచ్చట చదువుతున్నా. మీ ఆటలో రేటన్నా లేదు, అదృష్టవంతులు. కొర్రమీను ఉంటదా అందులో? మన రాష్ట్ర చేప అది.

కాజీపేట_లోకోషెడ్
లేదు మామా. రవ్వ లేదు, బొచ్చె లేదు, బంగారు తీగ లేదు. దాదాపు అన్నీ సముద్రపు చేపలే, అవి కూడా మన ఇంటెనక గుంటలో పడతాయి.

ధర్మసాగర్_మామ
సముద్రపు చేప గుంటలో పడుతదా! మా దగ్గర రవ్వ అయితే బెండును ముందు రెండు మూడుసార్లు కొట్టి చూసి అప్పుడు పట్టుకొని పోతది. నెమలీక కాడతో బెండు కడితే ఆ చిన్న దెబ్బ కూడా తెలుస్తది. కొర్రమీను అట్ల కాదు, ఒక్కటే గుంజుడు. అక్కమ్మ చెప్పిన బుడగల గీత అయితే మాకు కనబడదు, అదొకటి మీకు లాభం.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
బుడగల గీత నాకు అసలు కనబడట్లేదు. ఫోన్ పాతది, గ్రాఫిక్స్ అన్నీ తగ్గించి ఆడుతున్నా. ఇంకోటి, రూమ్మేట్ హోస్ట్ చేస్తే నేను జాయిన్ అవుతున్నా, లాగ్ ఉంది (అంతా ఆలస్యంగా కనబడుతుంది).

అర్ధరాత్రి_అక్క
అయితే కళ్లు వదిలేసి చెవులు పెట్టు. ఇయర్‌ఫోన్స్ పెట్టుకొని మ్యూజిక్ సౌండ్ సున్నా చెయ్, మిగతావి పెంచు. ‘చప్’ వినగానే తట్టు. లాగ్ ఎక్కువ ఉంటే నువ్వు విన్నప్పటికే అక్కడ చేప పోయి ఉంటుంది, దానికి మంత్రం లేదు. నువ్వు హోస్ట్ చేసి అతన్ని జాయిన్ అవమను, అప్పుడు ఎవరు పుస్తకాలు లాగుతారో చూద్దాం.

జనగామ_జోష్
ఒకసారి తడితే గాలం పడుతుంది, మళ్లీ తడితే వస్తుంది. మా తమ్ముడు ఆత్రంగా టపటపా తట్టేవాడు, వేసిన గాలం వేసినట్టే వెనక్కి వచ్చేది. గేమ్ బాగాలేదని ఏడుపు. ఓపీ కూడా అదే చేస్తున్నాడేమో చూసుకోండి.

పరకాల_పిక్సెల్
రాడ్ 64 సార్లకే విరిగిపోతుంది, స్పేర్ పెట్టుకోండి.

అర్ధరాత్రి_అక్క
పిక్సెల్, అదీ జావానే 😄 బెడ్‌రాక్‌లో 384.

పరకాల_పిక్సెల్
ఆ చానల్ అన్‌సబ్‌స్క్రైబ్ చేసేశా.

మట్టెవాడ_మైనర్
రాడ్‌కు ఎన్‌చాంట్ చేయకుండా ఫిషింగ్ చేయడం దండగ. లూర్ ఒక్కో లెవెల్‌కు ఆగే సమయం 5 సెకన్లు తగ్గిస్తుంది, లూర్ 3 వేస్తే 15 సెకన్లు తగ్గినట్టే. లక్ ఆఫ్ ద సీ చెత్త తగ్గించి ట్రెజర్ పెంచుతుంది. అన్‌బ్రేకింగ్ రాడ్‌ను ఎక్కువ రోజులు నిలబెడుతుంది. వీటన్నిటికంటే మెండింగ్ దొరికితే వదలొద్దు. చేప లాగితే వచ్చే ఎక్స్‌పీతో రాడ్ తనంతట తానే బాగవుతుంది, ఇక ఆ రాడ్ విరగదు. నా రాడ్‌కు ‘లక్ష్మి’ అని పేరు పెట్టి ఎప్పటి నుంచో అదే వాడుతున్నా.

నర్సంపేట_నూబ్
మెండింగ్ ఎన్‌చాంటింగ్ టేబుల్ మీద వస్తుందా?

మట్టెవాడ_మైనర్
రాదు. లైబ్రేరియన్ (ఊళ్లో పుస్తకాలు అమ్మేవాడు) దగ్గర కొనాలి, లేదంటే చెస్టుల్లోనో గాలానికో పుస్తకంగా దొరకాలి. మిగతా మూడూ టేబుల్ మీద వస్తాయి. చుట్టూ 15 బుక్‌షెల్ఫులు పెడితే పెద్ద లెవెల్ ఎన్‌చాంట్‌లు కనబడతాయి. ఆ పెద్దది కొట్టాలంటే నీ దగ్గర 30 లెవెళ్లు ఉండాలి, కానీ పోయేది 3 లెవెళ్లు, 3 లాపిస్ (నీలం రాళ్లు) మాత్రమే. చాలామంది 30 పోతాయేమోనని భయపడి చిన్నదే కొడతారు.

కాజీపేట_లోకోషెడ్
రెండు అరిగిన రాడ్లను క్రాఫ్టింగ్‌లో పక్కపక్కన పెట్టి కలిపేయొద్దు, ఎన్‌చాంట్ పోతుంది. అన్విల్ (కమ్మరి దిమ్మ) మీద కలపండి.

హంటర్‌రోడ్_హీరో
సరే, నేనూ ఒకటి చెప్తా. వాన పడేటప్పుడు వెయ్యండి, తొందరగా పడతాయి.

అర్ధరాత్రి_అక్క
రిటైరైన వాళ్ల పని నీకెలా తెలిసింది?

హంటర్‌రోడ్_హీరో
మా చెల్లి ఆడుతుంటది.

జనగామ_జోష్
చెల్లి పేరు హీరోనా అన్నా 🤣

పాకాల_పోరి
వాన మాట నిజమే. అయితే పిడుగులు పడేంత వాన అయితే ఇంట్లోకి పోండి. పగలైనా ఉరుముల వానలో జాంబీలు, అస్థిపంజరాలు పుట్టుకొస్తాయి.

రాత్రంతా కూర్చుంటే ఇంకో ప్రమాదం ఉంది, ఎవరూ చెప్పలేదు. గేమ్‌లో ఒక రోజంటే మన 20 నిమిషాలు. 3 రోజులు మంచం ఎక్కకపోతే, అంటే మన లెక్కలో ఒక గంట, రాత్రి ఆకాశంలోంచి ఫాంటమ్‌లు దూసుకొస్తాయి. ఫిషింగ్‌లో పడితే గంట ఎట్ల గడిచిందో తెలియదు. నేను చేపల మీద ధ్యాసలో ఉంటే వెనక నుంచి వచ్చి ఒక్క గుద్దు, నీళ్లలో పడ్డా, నీళ్లలో డ్రౌన్డ్ జాంబీ రెడీగా ఉన్నాడు. వాడి చేతిలో కూడా ఫిషింగ్ రాడ్ ఉంది!

కాజీపేట_లోకోషెడ్
నీకంటే ముందు నుంచి కూర్చున్నాడేమో పాపం, చేప పడక మునిగిపోయాడు.

క్రీపర్_కాకా
😂😂😂

పాకాల_పోరి
నవ్వండి నవ్వండి. దీనికి మందు పిల్లి. ఊళ్లో తిరిగే పిల్లికి పచ్చి కాడ్ గానీ సాల్మన్ గానీ చేత్తో పట్టుకొని మెల్లగా దగ్గరికి పోయి పెట్టాలి. పరుగెత్తితే బెదిరి పారిపోతుంది. కొన్ని చేపలు తిన్నాక మెడకు పట్టీ వస్తుంది, అంటే మచ్చిక అయినట్టు. దాన్ని కుంట దగ్గర కూర్చోబెట్టు. క్రీపర్లు దాన్ని చూసి పారిపోతాయి, ఫాంటమ్‌లు కూడా దగ్గరికి రావు. ఓపీ కప్పు వేసింది క్రీపర్ల కోసమే కదా, మొదట పట్టిన చేపలు తినకుండా పిల్లికి పెట్టు.

క్రీపర్_కాకా
నా పేరు పెట్టుకొని పిల్లిని తెమ్మంటారా. ఈ థ్రెడ్‌లో ఉండను ఇక.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
కప్పు పీకేసి కంచె వేసి చూశా. తేడా బాగా తెలుస్తుంది! ఇయర్‌ఫోన్స్ ట్రిక్ కూడా సూపర్ అక్కా. కాడ్‌లు వరుసగా పడుతున్నాయి, మధ్యలో ముళ్ల ముళ్ల పసుపు చేప ఒకటి వచ్చింది. తినొచ్చా అది?

అందరూ_ఆగండి
తినకు.

మట్టెవాడ_మైనర్
తినకు!!

హంటర్‌రోడ్_హీరో
తిను, మజా వస్తది.

అర్ధరాత్రి_అక్క
హీరో మాట వినకు. పఫర్ ఫిష్ అది. తింటే విషం ఎక్కుతుంది, ఆకలి గబగబా పెరుగుతుంది, స్క్రీన్ ఊగిపోతుంది. అంతా చేస్తే వచ్చేది 1 పాయింట్. దాచుకో, తర్వాత పనికొస్తుంది.

పక్క_మంచం
నేనే ఆ రూమ్మేట్‌ను. కప్పు వేస్తే చేపలు పడవని వీడికి మొన్ననే చెప్పా. వినలేదు. ఇక్కడ వచ్చి అడిగి మీరు చెప్తే విన్నాడు. పైగా నా పెట్టెలోంచి పుస్తకం మాయమైంది.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
నువ్వు చెప్పింది “నీ మొహానికి చేపలు పడవు” అని. కప్పు మాట ఎక్కడ వచ్చింది అందులో?

జనగామ_జోష్
ఏ పుస్తకం అది ఇంతకీ?

పక్క_మంచం
బేన్ ఆఫ్ ఆర్థ్రోపాడ్స్ 2.

మట్టెవాడ_మైనర్
పోనీలే, ఉంచుకోనీ. దానికోసం ఫ్రెండ్‌షిప్ పాడు చేసుకోకండి.

కాజీపేట_లోకోషెడ్
పొద్దుటి నుంచి దీనికా అంత బిల్డప్ 🤦 సాలీళ్లను కొట్టడానికి పనికొస్తుంది, కనీసం స్ట్రింగ్ అన్నా మిగులుతుంది.

శాయంపేట_షాప్
చేపలు మరీ ఎక్కువైతే అమ్ముకోండి. ఊళ్లో పని లేని విలేజర్ పక్కన చెక్క పీపా పెడితే మత్స్యకారుడు అవుతాడు. మొదట్లో 20 స్ట్రింగ్‌కో 10 బొగ్గుకో ఒక ఎమరాల్డ్ (ఆటలో డబ్బు లాంటిది) ఇస్తాడు, లెవెల్ పెరిగాక 15 పచ్చి కాడ్‌కు ఒకటి. ఆ పఫర్ ఫిష్ కూడా కొంటాడు, కానీ చివరి లెవెల్‌కు వచ్చాకే. ఇంకా మధ్య లెవెల్‌లో ఎన్‌చాంట్ చేసిన రాడ్ అమ్ముతాడు, టేబుల్ చేసుకునే ఓపిక లేనివాళ్లకు అది షార్ట్‌కట్. ఆకుపచ్చ చొక్కా వాడికి మాత్రం పీపా పెట్టినా లాభం లేదు, వాడు ఏ పనీ నేర్చుకోడు.

ధర్మసాగర్_మామ
సొసైటీ సభ్యత్వం అక్కర్లేదా వానికి? మంచిగుంది.

నర్సంపేట_నూబ్
స్క్రీన్ మీద ఆటోమేటిక్‌గా తట్టే యాప్ పెట్టి పడుకుంటే పొద్దునకల్లా పెట్టె నిండుతుందంటున్నారు, నిజమా?

మాడరేటర్
ఆటో క్లిక్కర్ యాప్‌ల లింకులు ఇక్కడ పెట్టొద్దు. చాలా సర్వర్లలో బ్యాన్ చేస్తారు. ఎవరి సొంత వరల్డ్‌లో వాళ్లిష్టం.

జనగామ_జోష్
రాత్రంతా ఫోన్ చార్జింగ్‌లో పెట్టి గేమ్ ఆన్‌లో ఉంచితే చేపల సంగతేమో గానీ బ్యాటరీ ఉబ్బొచ్చు. పైగా పాకాల అక్క చెప్పిన ఫాంటమ్‌లు ఉండనే ఉన్నాయి, పొద్దున లేచేసరికి నువ్వుండవు, నీ సామాన్లు నీళ్లలో తేలుతుంటాయి.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
పఫర్ ఫిష్ దాచుకో అన్నారు కదక్కా, దేనికి?

అర్ధరాత్రి_అక్క
నీళ్లలో ఊపిరి ఆడే పోషన్‌కు. నెదర్ అనే నిప్పుల లోకంలో దొరికే నెదర్ వార్ట్‌తో ముందు ఆక్వర్డ్ పోషన్ చేసి, దాంట్లో పఫర్ ఫిష్ వేస్తే 3 నిమిషాల వాటర్ బ్రీతింగ్ వస్తుంది. రెడ్‌స్టోన్ కలిపితే 8 నిమిషాలు. మునిగిపోయిన ఓడల్లో పెట్టెలు వెతకడానికి అంతకంటే ఏం కావాలి.

పాకాల_పోరి
ఓడ ఎక్కడుందో తెలియకపోతే డాల్ఫిన్‌కు పచ్చి కాడ్ వెయ్యి, అదే ముందు ఈదుకుంటూ దారి చూపిస్తుంది. దాన్ని మాత్రం పొరపాటున కొట్టకు, గుంపంతా మీద పడుతుంది.

నయీంనగర్_నైట్‌షిఫ్ట్
పోషన్ చేసే స్టాండ్‌కు ఏం కావాలి?

మట్టెవాడ_మైనర్
3 కాబుల్‌స్టోన్, ఒక బ్లేజ్ రాడ్. బ్లేజ్ రాడ్ కావాలంటే నెదర్‌కు పోవాలి. ఐరన్ ఆర్మర్ అన్నా లేకుండా పోకు.

పక్క_మంచం
వీడికి ఆర్మర్ అంటే కుంటలో పడిన తోలు బూట్లే.

మాడరేటర్
నెదర్ ప్రశ్నలకు వేరే థ్రెడ్ పైన పిన్ చేసి ఉంది, అక్కడ అడగండి. పుస్తకం గొడవ మీ రూములో తేల్చుకోండి.